ఎగ్జిబిషన్‌కి అలోహాలు: ఉప్పులో నీలం రంగు రావడం లేదు, ఇంకా నాలుగు సందేహాలు

ఎంవీపీ_సైన్స్_టీచర్
విశాఖలో మా స్కూలు ఎగ్జిబిషన్‌లో తొమ్మిదో తరగతి పిల్లల స్టాలుకి అంశం అలోహాలు. చార్టులు అంటించి ఊరుకోవడం కాకుండా చేసి చూపించాలని ఉంది. అనుకున్నవి ఇవి: ఉప్పులో అయోడిన్ పరీక్ష, నీటి విద్యుద్విశ్లేషణ, గంధకం కరిగించడం, హైడ్రోజన్ బెలూను, "హీలియం పుట్టింది మన గుంటూరులోనే" అని ఒక పోస్టరు. స్పిరిట్ దీపం ఉంది, ఫ్యూమ్ హుడ్ (పొగని బయటికి లాగే పెట్టె) లేదు. ఉప్పు దగ్గరే ఆగిపోయాం. వీడియోల్లో చూపించినట్టే ఉప్పు నీళ్లలో గంజి, వెనిగర్, హైడ్రోజన్ పెరాక్సైడ్ వేస్తే నీలం రాలేదు. ప్యాకెట్ మీద అయోడైజ్డ్ అనే ఉంది. ఉప్పు నకిలీదా?

సీతమ్మధార_ల్యాబ్
ఉప్పు మంచిదే, వీడియో వేరే దేశానిది. అమెరికా ఉప్పులో ఎక్కువగా పొటాషియం అయొడైడ్ కలుపుతారు. పెరాక్సైడ్ దాన్ని ఆక్సీకరణం చేసి అయోడిన్‌ని బయటికి తెస్తుంది, గంజి నీలమవుతుంది. మన దేశంలో కలిపేది పొటాషియం అయొడేట్. అది ముందే ఆక్సీకరణం చెందిన రూపం కాబట్టి పెరాక్సైడ్ పోసి లాభం లేదు. దానికి కావలసింది అయొడైడ్, ఆమ్లం. ఒక అయొడేట్, ఐదు అయొడైడ్లు, ఆమ్లం కలిస్తే మూడు అయోడిన్ అణువులు వస్తాయి.

అరచెంచా ఉప్పు చిన్న గిన్నెలో వేసి, చల్లారిన పలచటి గంజి నాలుగు చుక్కలు, తెల్ల వెనిగర్ నాలుగు చుక్కలు, చిటికెడు పొటాషియం అయొడైడ్ కరిగించిన నీళ్లు రెండు చుక్కలు వేయండి. నిమిషంలోపే ఊదా-నీలం వస్తుంది. పక్కన అయోడిన్ కలపని గళ్లుప్పుతో ఇంకో గిన్నె పెట్టండి. అది తెల్లగానే ఉండాలి. అదీ నీలమైతే మీ అయొడైడ్ ద్రావణం పాడైనట్టు. పసుపు తిరిగిన ద్రావణంలో అయోడిన్ ముందే విడుదలై ఉంటుంది, పారబోసి కొత్తది కలపండి.

గంజి వేడిగా ఉంటే రంగు రాదు. వచ్చిన నీలం కూడా వేడి చేస్తే పోతుంది, చల్లారితే మళ్లీ వస్తుంది. ఇది విడిగా ఒక ఆటలా చూపించొచ్చు.

కంచరపాలెం_కుర్రోడు
వెనిగర్ ఎందుకండీ, నిమ్మకాయ పిండితే సరిపోదా? ఆమ్లమే కదా.

సీతమ్మధార_ల్యాబ్
సరిపోదు బాబూ. నిమ్మరసంలో విటమిన్ సి ఉంది. పుట్టిన అయోడిన్‌ని పుట్టినట్టే మళ్లీ అయొడైడ్‌గా మార్చేస్తుంది. ప్రయోగం జరుగుతూనే ఉంటుంది, కంటికి మాత్రం ఏమీ కనబడదు. టించర్ అయోడిన్‌తో కూడా పొరపాటు చేస్తుంటారు. అందులో పొటాషియం అయొడైడ్ ఉన్న మాట నిజమే, కానీ అయోడిన్ కూడా ఉంది కదా. ఉప్పు లేకుండానే గంజి నీలమైపోతుంది, మీరు చూపించింది ఏమీ ఉండదు.

పాత_ఇంటర్_మాస్టారు
పెద్ద పిల్లలుంటే కొలత కూడా పెట్టండి. 10 గ్రాముల ఉప్పు 50 మి.లీ. స్వేదన జలంలో కరిగించి, 2 నార్మల్ సల్ఫ్యూరిక్ ఆమ్లం 1 మి.లీ., 10 శాతం పొటాషియం అయొడైడ్ 5 మి.లీ. పోసి మూత పెట్టి చీకట్లో పది నిమిషాలు ఉంచాలి. తర్వాత 0.005 నార్మల్ సోడియం థయోసల్ఫేట్‌తో అంశమాపనం (టైట్రేషన్, అంటే బ్యూరెట్‌లోంచి చుక్కలు వేస్తూ కొలవడం). పసుపు బాగా పలచబడ్డాక మాత్రమే గంజి వేయాలి. ముందే వేస్తే అయోడిన్ గంజిని పట్టుకుని వదలదు, అంతిమ బిందువు జారిపోతుంది. పట్టిన మి.లీ.లని 10.58తో గుణిస్తే పీపీఎం (కిలో ఉప్పులో ఎన్ని మిల్లీగ్రాముల అయోడిన్) వస్తుంది. ఇంటికి చేరేసరికి కనీసం 15 ఉండాలని మన నిబంధన. అంటే బ్యూరెట్‌లో 1.4 మి.లీ. పైన పట్టాలి.

చీకటి ఎందుకని పిల్లలు అడుగుతారు. ఆమ్లం ఉన్న చోట వెలుతురు పడితే గాలిలో ఆక్సిజన్ కూడా అయొడైడ్‌ని ఆక్సీకరణం చేస్తుంది, లెక్క ఎక్కువ వస్తుంది.

భీమిలి_గాలి
ఇక్కడో చిన్న అనుమానం. మనది సముద్రపు ఉప్పే కదా, అందులో అయోడిన్ దానంతట అదే ఉండదా? మళ్లీ కలపడమెందుకు?

పాత_ఇంటర్_మాస్టారు
చాలామందికి ఉన్న అపోహ ఇది. లీటరు సముద్రపు నీటిలో అయోడిన్ దాదాపు 0.06 మిల్లీగ్రాములు, మొత్తం లవణాలు 35 గ్రాములు. అంతా ఉప్పులోనే మిగిలిందనుకున్నా కిలోకి రెండు మిల్లీగ్రాములు దాటదు. కావలసింది 15. ఆ కాస్తా కూడా ఉప్పు మడిలో స్ఫటికాలు కట్టాక మిగిలే చేదు నీళ్లతోనే పోతుంది. బ్రోమిన్‌దీ అదే దారి. 1826లో బలార్డ్ అనే ఫ్రెంచి యువకుడికి బ్రోమిన్ దొరికింది మాంపెలియే దగ్గర ఉప్పు మడుల చేదు నీళ్లలోనే. అలోహాల్లో గది వేడిమి దగ్గర ద్రవంగా ఉండేది అదొక్కటే. స్టాలు దగ్గరికి మాత్రం తేవద్దు.

అయోడిన్‌ని సముద్రపు పాచి పోగు చేస్తుంది. 1811లో కుర్తోవా అనే ఫ్రెంచి రసాయనవేత్త పాచి బూడిద నుంచి సురేకారానికి పనికొచ్చే సోడా తీస్తూ సల్ఫ్యూరిక్ ఆమ్లం ఎక్కువ పోస్తే ఊదా రంగు ఆవిరి లేచింది. అదీ దాని పుట్టుక.

అయొడైడ్ బదులు అయొడేట్ ఎందుకంటే మన తడిగాలికి తట్టుకుంటుంది కాబట్టి. ఆగస్టులో బీచ్ రోడ్డు ఇంట్లో ఉప్పు డబ్బా మూత తీసి చూస్తే ఎందుకో అర్థమవుతుంది.

ఎంవీపీ_సైన్స్_టీచర్
ధన్యవాదాలండీ, మా గోల అయొడైడ్ లేకపోవడమే అన్నమాట. విద్యుద్విశ్లేషణకి 9 వోల్టుల బ్యాటరీ, రెండు రాగి తీగలు, ఉప్పు నీళ్లు సిద్ధం చేశాం. ఇందులో ఏమైనా తప్పుందా?

సీతమ్మధార_ల్యాబ్
రెండు తప్పులున్నాయి. ఉప్పు వేస్తే ధన ధ్రువం దగ్గర ఆక్సిజన్ కన్నా క్లోరిన్ ఎక్కువ వస్తుంది. మూసిన గదిలో పిల్లల ముక్కు దగ్గర అది వద్దు. రాగి తీగని ధన ధ్రువంగా పెడితే రాగే కరుగుతుంది, నీళ్లు నీలి-ఆకుపచ్చ తిరుగుతాయి, ఆక్సిజన్ బుడగలు సరిగా రావు. "ఆక్సిజన్ ఎందుకు తక్కువ?" అని సగం స్కూళ్లు అడిగేది ఈ రాగి వల్లే.

ఉప్పు బదులు చాకలి సోడా వేయండి, 200 మి.లీ. నీళ్లకి ఒక చెంచా. తీగల బదులు స్టెయిన్‌లెస్ స్టీలు పిన్నులు. పెన్సిల్ ములికి వాడితే ఆక్సిజన్‌లో కొంత ఆ కర్బనాన్నే తినేసి కార్బన్ డయాక్సైడ్ అవుతుంది, నిష్పత్తి చెడుతుంది. స్టీలుతో ఉప్పు ద్రావణం కలిపి మాత్రం ఎప్పుడూ వాడొద్దు, క్రోమియం కరుగుతుంది.

ముందు పది నిమిషాలు వాయువు పట్టకుండా నడిపించండి. ఆక్సిజన్ నీటిలో హైడ్రోజన్ కన్నా ఎక్కువ కరుగుతుంది, నీళ్లు దానితో నిండాకే రెండుకి ఒకటి లెక్క కుదురుతుంది. 100 మిల్లీఆంపియర్లు పది నిమిషాలు పారితే హైడ్రోజన్ సుమారు 7.7 మి.లీ., ఆక్సిజన్ 3.9 మి.లీ. రావాలి. చిన్న పరీక్షనాళికకి అది చాలు. మంట దగ్గర పెడితే "టప్" మంటుంది. రెండు వాయువుల్నీ ఒకే నాళికలో మాత్రం పట్టకండి.

గాజువాక_ఆర్గాన్
హైడ్రోజన్ బెలూను మాట ఇంకెవరూ ఎత్తలేదేంటి? అది తీసేయండి టీచర్ గారూ. జాతరల్లో బెలూన్ల వాళ్లు కాస్టిక్ సోడా, అల్యూమినియం ముక్కలు పాత సిలిండర్లో వేసి గ్యాసు పుట్టిస్తుంటారు. వాల్వు మూసిన సిలిండర్లో ఆ వేడి, ఆ పీడనం ఎక్కడ ఆగుతుందో ఎవరికీ తెలియదు. గాలిలో 4 శాతం నుంచి 75 శాతం దాకా ఎంత కలిసినా హైడ్రోజన్ అంటుకుంటుంది. హీలియం లీటరుకి ఒక గ్రాము బరువు ఎత్తితే, హైడ్రోజన్ ఎత్తేది 1.1 గ్రాములు. ఆ పదో వంతు కోసం పిల్లల చేతుల్లో ఆ బెలూను పెడతారా?

ఎంవీపీ_సైన్స్_టీచర్
తీసేశాం. మరి గుంటూరు పోస్టరు?

భీమిలి_గాలి
అది ఉంచండి, తెలుగు నేల గర్వం కదా! 1868 ఆగస్టు 18 సంపూర్ణ సూర్యగ్రహణం నాడు గుంటూరులో ఫ్రెంచి ఖగోళ శాస్త్రవేత్త జాన్సెన్ హీలియం కనుక్కున్నాడు.

పాత_ఇంటర్_మాస్టారు
ఉంచండి గానీ వాక్యం మార్చండి. గ్రహణం నాడు సూర్యుడి అంచున లేచే ఎర్రటి జ్వాలల్ని జాన్సెన్ గుంటూరు నుంచి వర్ణపటమాపకంతో (వెలుగుని రంగులుగా విడదీసే పరికరం) చూశాడు. ప్రకాశవంతమైన గీతలు కనిపించాయి. ఇంత వెలుగున్నవాటిని గ్రహణం లేకుండానే చూడొచ్చని ఆయనకి తట్టింది, మర్నాడు చూశాడు కూడా. ఆయన ఘనత అదీ. అదే గ్రహణాన్ని టెన్నంట్ బృందం కూడా గుంటూరు నుంచే చూసింది, మద్రాసు వేధశాల అధికారి పాగ్సన్ మచిలీపట్నం నుంచి చూశాడు. ఆ గ్రహణం చూసినవాళ్లకి పసుపు గీత కనబడింది. చాలామంది సోడియం అనుకున్నారు.

లాక్యర్ అనే ఇంగ్లిష్ ఖగోళ శాస్త్రవేత్త అక్టోబరు 20న ఇంగ్లండులో గ్రహణం లేకుండానే చూసి, గీత సోడియం చోట లేదని తేల్చాడు. సోడియం జంట గీతలు 589.0, 589.6 నానోమీటర్ల దగ్గరుంటే ఇది 587.6 దగ్గర ఉంది. భూమ్మీద ఎరిగిన ఏ మూలకానిదీ కాదు. సూర్యుడి గ్రీకు పేరుతో హీలియం అన్నారు. లోహమనుకున్నారు కాబట్టి చివర "ఇయం" తగిలింది. అలోహాల్లో సెలీనియం పేరుకీ ఇదే తోక ఉంది. భూమ్మీద దొరికింది 1895లో, క్లీవైట్ అనే యురేనియం ఖనిజంలోంచి రసాయన శాస్త్రవేత్త రామ్సే తీశాడు.

"హీలియం గీత తెలుగు నేల మీద కనిపించింది" అని రాస్తే ఎవరూ వేలెత్తి చూపలేరు.

భీమిలి_గాలి
ఒప్పుకున్నాను మాస్టారూ. ఆ పోస్టరు పక్కన మా భీమిలి ఇసుక గురించి ఒక వాక్యం పెట్టమంటాను. ఇక్కడి తీరపు నల్ల ఇసుకలో ఇల్మనైట్, గార్నెట్‌తో పాటు కొంత మోనజైట్ ఉంది. అది భాస్వరంతో కూడిన ఖనిజం, లోపల థోరియం ఉంటుంది. ఒక్కో థోరియం పరమాణువు సీసంగా మారేలోపు ఆరు ఆల్ఫా కణాలు విడుస్తుంది. ఒక్కో ఆల్ఫా కణమూ హీలియం కేంద్రకమే. అంటే మన బీచ్ ఇసుక రేణువుల్లో హీలియం పుడుతూనే ఉంది. ఇసుక మాత్రం సీసాలో పట్టి తీసుకెళ్లొద్దు. అది అణు ఖనిజం, చట్టం ఒప్పుకోదు.

గాజువాక_ఆర్గాన్
జడవాయువు చూపించాలంటే ఖర్చు లేని దారి ఒకటుంది. కరెంటు వాళ్ల టెస్టర్‌లో వెలిగే నారింజ దీపం నియాన్. పాత స్విచ్‌బోర్డు ఇండికేటర్లో కూడా అదే. కొత్తవాటిలో ఎల్‌ఈడీ ఉంటుంది, కొనేటప్పుడు అడిగి తీసుకోండి. పిల్లలు సాకెట్లో టెస్టర్ పెట్టకుండా, పెద్దవాళ్లు బిగించిన బోర్డు మీద ఇండికేటర్ వెలిగించి సీడీ ముక్కతో చేసిన వర్ణపటదర్శినిలో చూపించండి. విడివిడి ఎర్ర, నారింజ గీతలు కనిపిస్తాయి. పక్కన ఎల్‌ఈడీ బల్బు పెడితే గీతలు కాదు, పట్టీ కనిపిస్తుంది. నియాన్‌ని 1898లో రామ్సే, ట్రావర్స్ కనుక్కున్నారు. ఆ ట్రావర్సే తర్వాత బెంగళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్‌కి మొదటి డైరెక్టర్.

ఇక ఆర్గాన్. మన ఊళ్లో అలోహం అంటే ముందు గుర్తుకు రావలసింది అదే. ఉక్కు కర్మాగారంలో గాలిని చల్లబరిచి ఆక్సిజన్, నత్రజని, ఆర్గాన్ విడదీస్తారు. నత్రజని మరిగేది మైనస్ 195.8 దగ్గర, ఆర్గాన్ మైనస్ 185.8, ఆక్సిజన్ మైనస్ 183. ఆర్గాన్ ఆక్సిజన్‌కి మూడు డిగ్రీల దూరంలోనే ఉంది, అందుకే విడదీయడం కష్టం, ధర ఎక్కువ. గాలిలో ఉండేది 0.93 శాతం.

కంచరపాలెం_కుర్రోడు
అన్నా, టిగ్ వెల్డింగ్‌లో (ఆర్గాన్ కప్పి చేసేది) గ్యాస్ ఎంత పెట్టాలి? షెడ్డు బయట చేస్తే వెల్డు గీతలో బొరియలు వస్తున్నాయని గ్యాస్ పెంచుతున్నారు, అయినా తగ్గడం లేదు.

గాజువాక_ఆర్గాన్
అంశం కాస్త పక్కకి పోతోంది గానీ చెప్తాను. నిమిషానికి 6 నుంచి 10 లీటర్లు చాలు. పెంచితే మంచిది అనుకోవడమే తప్పు. ఒక హద్దు దాటితే గ్యాసు సుడి తిరుగుతుంది, చుట్టూ ఉన్న గాలిని తనే లోపలికి లాగుతుంది. బొరియలు పెరుగుతాయి. మధ్యాహ్నం సముద్రపు గాలి తిరిగాక బయట చేసేటప్పుడు తడిక గానీ రేకు గానీ అడ్డం పెట్టు, ఫ్లో 8 దగ్గర ఉంచు. 7 ఘనపు మీటర్ల సిలిండర్ 8 లీటర్ల చొప్పున పద్నాలుగున్నర గంటలు రావాలి. అంతకన్నా ముందే అయిపోతే గొట్టం కీళ్ల దగ్గర సబ్బు నీళ్లు రాసి చూడు.

మామూలు ఇనుముకి మిగ్ (తీగ దానంతటదే వచ్చే వెల్డింగ్) చేసేటప్పుడు ఒట్టి ఆర్గాన్ పెట్టకు. ఆర్క్ తడబడుతుంది, అంచులు తినేస్తుంది. 80 పాళ్ల ఆర్గాన్, 20 పాళ్ల కార్బన్ డయాక్సైడ్ కలిపినది వాడాలి. అల్యూమినియానికి మాత్రం ఒట్టి ఆర్గానే.

ఇంకొకటి. ఆర్గాన్ గాలి కన్నా దాదాపు 1.4 రెట్లు బరువు. ట్యాంకు లోపల, గోతిలో అడుగున పేరుకుంటుంది. వాసన ఉండదు, ఊపిరాడని బాధ కూడా తెలియదు, మనిషి పడిపోతాడు. ఆక్సిజన్ రెగ్యులేటర్‌కి నూనె, గ్రీజు తగలనివ్వకు, దానంతటదే అంటుకుంటుంది. హైడ్రోజన్, ఎసిటిలీన్ లాంటి మండే వాయువుల నట్టు ఎడమ మర. తిరగడం లేదని పానాతో బలవంతం చేయకు.

సీతమ్మధార_ల్యాబ్
గంధకం మిగిలిపోయింది. రైతుల దుకాణంలో దొరికే 80 శాతం నీటిలో కలిసే గంధకం తేకండి. అందులో నీళ్లలో విడిపోవడానికి కలిపినవి ఉంటాయి, వేడికి నల్లబడి నురగ కడుతుంది. మూలికల దుకాణంలో ముద్ద గంధకం అడగండి.

నాళికలో మూడో వంతు వేసి మెల్లగా, తిప్పుతూ వేడి చేయాలి. 115 నుంచి 120 డిగ్రీల దగ్గర కరిగి గడ్డి రంగు పలచటి ద్రవం అవుతుంది. 160 దాటగానే ఎర్రబడి బెల్లప్పాకంలా చిక్కబడుతుంది. నాళిక తలకిందులు చేసినా కారదు. ఎనిమిది పరమాణువుల ఉంగరాలు తెగి పొడుగు గొలుసులై ఒకదానితో ఒకటి చిక్కుకోవడమే కారణం. ఇంకా వేడి చేస్తే గొలుసులు తెగి మళ్లీ పలచబడుతుంది. అప్పుడు చల్లటి నీళ్లలో పోస్తే రబ్బరులా సాగే గంధకం వస్తుంది. కొన్నాళ్లకి అది మళ్లీ పెళుసైపోతుంది.

చాలామంది తొందరపడి ఒకేచోట మంట పెడతారు. పైన ఇంకా కరగకముందే అడుగున మరుగుతుంది, మూతి దగ్గర నీలి మంట అంటుకుంటుంది. ఆ పొగ సల్ఫర్ డయాక్సైడ్, ఉబ్బసం ఉన్న పిల్లలకి ప్రమాదం. హుడ్ లేదన్నారు కాబట్టి ఒకసారి ఆరుబయట చేసి వీడియో తీయండి. స్టాల్లో వీడియో, పక్కన మూడు రకాల గంధకం ముక్కలు.

ఉపయోగాలు రాసేటప్పుడు ఊరిని వదలకండి. రిఫైనరీలో ముడిచమురు నుంచి తీసిన హైడ్రోజన్ సల్ఫైడ్‌లో మూడో వంతు కాల్చి, మిగతాదానితో కలిపి గంధకంగా మారుస్తారు, క్లాస్ పద్ధతి. 2020 ఏప్రిల్ నుంచి మన డీజిల్లో గంధకం 10 పీపీఎం మించకూడదు. అక్కడ అక్కర్లేని గంధకమే ఎరువుల కర్మాగారానికి ప్రాణం. సల్ఫ్యూరిక్ ఆమ్లం చేసి, రాక్ ఫాస్ఫేట్ మీద పోసి ఫాస్ఫారిక్ ఆమ్లం తీస్తారు.

కొత్తవలస_రైతుబిడ్డ
ఎరువు మాట వచ్చింది కాబట్టి ఒకటి. డీఏపీ బస్తా మీద 18-46 అని ఉంటే 46 శాతం భాస్వరం అని పిల్లలు రాసేస్తారు. కాదు, ఆ లెక్క ఫాస్ఫరస్ పెంటాక్సైడ్‌ది. 0.436తో గుణించండి. 50 కిలోల బస్తాలో నత్రజని 9 కిలోలు, అసలు భాస్వరం 10 కిలోలే. అలాగే అగ్గిపుల్ల తలలో భాస్వరం ఉంటుందని పుస్తకాల్లో కూడా చూశాను. ఎర్ర భాస్వరం ఉండేది పెట్టె పక్కన గీసే పట్టీలో. తలలో ఉండేవి పొటాషియం క్లోరేట్, గంధకం.

అక్కయ్యపాలెం_నీళ్లు
క్లోరిన్‌కి కుళాయి నీళ్లు చాలు. క్లోరోస్కోప్ కిట్ (నీళ్లలో క్లోరిన్ ఎంతుందో చూసేది) కొని చుక్కలు వేస్తే పసుపు వస్తుంది. పది సెకన్లలోపు చూసిన రంగే స్వేచ్ఛా క్లోరిన్‌ది. ఆగి చూస్తే అమ్మోనియాతో కలిసిన క్లోరిన్ కూడా లెక్కలోకి వస్తుంది. పంపు దగ్గర కనీసం లీటరుకి 0.2 మిల్లీగ్రాములు ఉండాలి. ఆ కిట్‌లోది ఆర్థోటొలిడిన్, చేతికి అంటనివ్వద్దు. డీపీడీ మాత్రలు దొరికితే అవే మేలు, గులాబీ రంగు వస్తుంది.

ఇంకో గ్లాసు నీళ్లలో ముందే విటమిన్ సి మాత్ర ముక్క వేసి పరీక్షించండి. రంగే రాదు. పైన నిమ్మకాయ చేసిన పనే ఇది, రెండు స్టాళ్లూ పక్కపక్కన పెడితే పిల్లలే అల్లుకుంటారు.

వెయ్యి లీటర్ల ట్యాంకుకి మంచి బ్లీచింగ్ పౌడర్ 2.5 గ్రాములు. కలిపి, సున్నం కిందికి దిగాక పైన తేట మాత్రమే పోయాలి, అరగంట ఆగాలి. మన తడికి తెరిచిన ప్యాకెట్ కొన్నాళ్లకే బలం కోల్పోతుంది, తాజాది 33 శాతం అయితే పాతది ఎంతో ఎవరూ చెప్పలేరు. బాత్రూము కడిగే యాసిడ్‌తో మాత్రం కలవనివ్వకండి. 1774లో షీలే మాంగనీస్ డయాక్సైడ్ మీద హైడ్రోక్లోరిక్ ఆమ్లం పోసి రాబట్టిన వాయువు మీ బాత్రూములో పుడుతుంది.

ఎంవీపీ_సైన్స్_టీచర్
బెలూను స్థానంలో ఆక్సిజన్ పెడదామా? పెరాక్సైడ్ సీసా మిగిలే ఉంది, 20 వాల్యూమ్ అని రాసి ఉంది.

పాత_ఇంటర్_మాస్టారు
భేషుగ్గా పెట్టొచ్చు. 20 వాల్యూమ్ అంటే ఒక మి.లీ. ద్రావణం 20 మి.లీ. ఆక్సిజన్ ఇస్తుందని. 10 మి.లీ. పోస్తే 200 మి.లీ., రెండు పరీక్షనాళికలకి ధారాళం. ఉత్ప్రేరకంగా పచ్చి బంగాళాదుంప ముక్క వేయండి, ఉడికించింది పనిచేయదు. నీటి మీద పట్టండి, మొదటి బుడగలు వదిలేయండి, అవి సీసాలోని గాలే. నిప్పు ఉన్న అగరబత్తి లోపల పెడితే భగ్గున వెలుగుతుంది. వెలగకపోతే సీసా పాతదై ఉంటుంది. మూత తీసిన పెరాక్సైడ్ వెలుతురులో దానంతటదే తగ్గిపోతుంది.

చార్టులో ఆక్సిజన్‌ని "ఆమ్లజని" అని రాస్తే ఒక ప్రశ్నకి సిద్ధంగా ఉండండి. ఆమ్లాలన్నిటికీ ఇదే మూలమని లవోజియే అనుకుని పెట్టిన పేరుకి అది తెలుగు. 1810లో డేవీ క్లోరిన్ మూలకమేననీ, హైడ్రోక్లోరిక్ ఆమ్లంలో ఆక్సిజన్ లేనే లేదనీ చూపించాడు. ఆమ్లాల్లో అసలు పని హైడ్రోజన్‌ది. ప్రాణవాయువు అంటే ఏ గొడవా ఉండదు.

కంచరపాలెం_కుర్రోడు
అయితే ఉదజనినే (హైడ్రోజన్‌నే) ఆమ్లజని అనాలి కదా మాస్టారూ.

పాత_ఇంటర్_మాస్టారు
అనొచ్చు. కానీ అప్పుడు, నీళ్ల బరువులో తొమ్మిదింట ఎనిమిది పాళ్లు ఆక్సిజన్‌దే కాబట్టి దాన్నే ఉదజని (నీళ్లు పుట్టించేది) అనమని ఇంకొకరు వస్తారు.

ఎంవీపీ_సైన్స్_టీచర్
పొటాషియం అయొడైడ్ 25 గ్రాముల సీసా దొరికింది, ముదురు గోధుమ రంగు గాజు సీసా. ఎంత కలిపి ఉంచుకోవాలి?

సీతమ్మధార_ల్యాబ్
రెండు గ్రాములు 20 మి.లీ. స్వేదన జలంలో. ఏ రోజుది ఆ రోజే కలపండి. కుళాయి నీళ్లు వాడితే అందులో క్లోరిన్ అయొడైడ్‌ని కొట్టేస్తుంది, గళ్లుప్పు గిన్నె కూడా నీలమై కూర్చుంటుంది.